జరీబు: కొలతా, నేల రకమా?

సందేహం: మాది తుళ్లూరు మండలంలో కృష్ణ ఒడ్డున ఉన్న ఊరు. మా పొలాన్ని తాతల నాటి నుంచి జరీబు అంటున్నాం. రికార్డులో మాత్రం మెట్ట అని ఉంది. రాజధాని భూసమీకరణ నాడు మొదలైన తగాదా ఇంకా తెగలేదు. ఈ మధ్య మా బంధువు ఒకరు ఉర్దూ నిఘంటువు తెరిచి, జరీబు అంటే భూమిని కొలిచే గొలుసే గాని నేల రకం కాదన్నారు. మా వాడుక తప్పా? అర్జీలో ఏమని రాయాలి? (ఒక రైతు, గుంటూరు జిల్లా)

సమాధానం: మీ బంధువు నిఘంటువును సరిగానే చదివారు. దాన్ని పట్టుకుని మీ నోటి మాటను తప్పు పట్టడమే తొందరపాటు.

అరబ్బీలో జరీబు మొదట ధాన్యం కొలత. అంత ధాన్యం విత్తితే సరిపోయే నేలకు తర్వాత అదే పేరయింది. పారసీకం మీదుగా మొగలుల రెవిన్యూ లెక్కల్లోకి వచ్చేసరికి నేల కొలిచే తాడు, గొలుసు జరీబులయ్యాయి. అఫ్గానిస్తాన్‌లో నేటికీ జరీబంటే సుమారు అర ఎకరం. ఇందులో మనకు వింత ఏముంది? పుట్టి, తూము గింజల కొలతలు కావా? పుట్టెడు చేను, తూమెడు నేల అని మన పెద్దలు అన్నది ఈ లెక్కనే. విత్తనం కొలత విత్తిన నేలకు పేరు కావడం సేద్యం చేసేవాళ్లందరికీ సహజమే.

మాగాణి సంగతి కూడా చూడండి. తమిళంలో మా అంటే ఇరవయ్యో వంతు, కాణి అంటే ఎనభయ్యో వంతు. రెండూ కలిస్తే మాకాణి, అంటే పదహారో వంతు, మన వీసం. కాణి నేల కొలత కూడా. మన మాగాణికి ఆ మాకాణితో చుట్టరికం ఉందని నా నమ్మకం. రుజువైందని మాత్రం అనను. అదే నిజమైతే మాగాణి, జరీబు రెండూ కొలతగా పుట్టి నేల రకంగా స్థిరపడిన మాటలే. గొలుసు పట్టి కొలిచి, హెచ్చు శిస్తు కట్టిన మంచి నేలలకు ఆ గొలుసు పేరే నిలిచి ఉంటుందని నా ఊహ. ఏ పొలంలో ఏ పంట వేశారో రాసే ఊరి రికార్డు అడంగల్ పేరు కూడా తమిళం నుంచి వచ్చినదే. అన్నీ ఇమిడినదని అర్థం.

మీ వైపు ఆ మాటకున్న అర్థం ఉండవల్లి, పెనుమాకల్లో ఎవరిని అడిగినా చెబుతారు: ఏటి పక్కన, కొద్ది లోతులోనే నీరు పడి, అరటి, కంద, దొండ, పూలతో ఏడాది పొడవునా పచ్చగా ఉండే నేల. ప్రభుత్వమూ 2015 భూసమీకరణలో ఆ అర్థంలోనే వాడింది. ఎకరా పట్టా మెట్ట ఇచ్చిన రైతుకు తిరిగి 1000 గజాల నివాస స్థలం, 250 గజాల వాణిజ్య స్థలం. జరీబుకు వాణిజ్య స్థలం 450 గజాలు. మొదటి ఏడాది కౌలు మెట్టకు రూ. 30,000, జరీబుకు రూ. 50,000. గట్టుకు ఇటు జరీబు, అటు మెట్ట అని గీత గీస్తే అటువైపు రైతు ఊరుకుంటాడా?

నాకు కోపం తెప్పించేది వేరే ఉంది. ఇంగ్లిషు కాగితాలను తెలుగు చేసేవారు ఈ మధ్య 'తడి భూమి', 'పొడి భూమి' అని రాస్తున్నారు. వాన కురిస్తే తడిసేది తడి భూమి. కాలువ నీటితో వరి పండేది మాగాణి. ఇంకొందరు మరో అడుగు వేసి మాగాణిని 'చిత్తడి నేల' చేస్తున్నారు. చిత్తడి నేల అంటే కొల్లేరు! తెనాలి వరిచేను కొల్లేరవుతుందా? 1973 భూసంస్కరణల చట్టంలో కమతం పరిమితి మాగాణికి 10 నుంచి 27 ఎకరాలు, మెట్టకు 35 నుంచి 54 ఎకరాలు. ఇంత తేడా తెచ్చే మాటలను తోచినట్టు మార్చడం పెద్ద అపచారం. తెలంగాణ రికార్డుల్లోని తరి (మాగాణి), ఖుష్కీ (మెట్ట) పారసీకమే అయినా రైతులకు తెలిసిన మాటలు. వాటిని నేను తప్పు పట్టను.

కనుక మీ వాడుక తప్పు కాదు. ఉర్దూ అర్థం ఉర్దూది, కృష్ణ ఒడ్డు అర్థం మీది. అయితే నిఘంటువు చూపి కేసు గెలవలేరు, నా ఉత్తరం చూపి అంతకన్నా గెలవలేరు. అర్జీలో 'జరీబు' అని రాసి, దాని పక్కనే బావి లేదా బోరు లోతు, నీటి ఆధారం, ఏ ఏడు ఏ పంట వేశారో అడంగల్ ప్రకారం రాయండి. అడంగల్‌లో నీటి ఆధారం, పంట గళ్లు ఖాళీగా ఉంటే ముందు వాటి సంగతి మీ వకీలుతో మాట్లాడండి.