ఘాట్ దిగే గూడ్సు కరెంటు పుట్టిస్తుందా?

ప్రశ్న: మా తాతగారు బొగ్గింజను ఫైర్‌మన్. ఇప్పుడు కేకే (కొత్తవలస–కిరండూల్) లైన్లో కరెంటింజన్లు కొండ దిగుతూ కరెంటు తయారుచేస్తాయని మా అబ్బాయి అంటున్నాడు. నిజమేనా?
– ఒక పాఠకురాలు, గోపాలపట్నం, విశాఖపట్నం

జవాబు: నిజమేనమ్మా. నేను ఆ ఘాట్‌లో ఇరవై ఏళ్లు గూడ్సు నడిపాను. మీ తాతగారి ఇంజను బొగ్గూ నీళ్లూ మోసుకుంటూ బండిని లాగేది; వేడిలో చాలా భాగం పొగగొట్టంలోంచి పోయేది. పారతో పొయ్యి నింపిన ఆ చేతులకు దండం. తర్వాత 2,600 హార్స్‌పవర్ డీజిళ్లు వచ్చాయి. డీజిల్లోనూ చక్రాల్ని తిప్పేది మోటార్లే, కాకపోతే కరెంటు తయారీ ఇంజనులోనే. కరెంటింజను ఆ తయారీ బరువు దించేసి, పైన ఉన్న 25 వేల వోల్టుల తీగ నుంచి కరెంటు తీసుకుంటుంది.

ఇక అసలు సంగతి. కిరండూల్ నుంచి ఇనుప ఖనిజంతో వచ్చే బండి దాదాపు వెయ్యి మీటర్ల ఎత్తున్న శిమిలిగుడ స్టేషన్ దాటాక కొత్తవలసకేసి దిగాలి. నిండు బండిని ఆపి పట్టుకోవడమే కష్టం. బ్రేకు దిమ్మలు చక్రాలకు ఒరుసుకుంటే ఆ మాడు వాసన క్యాబ్‌లోకే కొట్టేది. అందుకని దిగేటప్పుడు చక్రాలే మోటార్లను తిప్పేట్టు చేస్తాం. మోటారు జనరేటరై బండిని వెనక్కి పడుతుంది. పాత ఇంజన్లలో ఆ కరెంటు రెసిస్టెన్సుల్లో (కరెంటును అడ్డుకుని వేడెక్కే పట్టీల్లో) వేడిగా పోయేది, వాటిని చల్లార్చే బ్లోయర్ హోరుకి పక్కవాడి మాట వినబడేది కాదు. వ్యాగ్-9 లాంటి కొత్తరకం త్రీఫేజ్ మోటార్ల గూడ్సు ఇంజన్లయితే దాన్ని తిరిగి తీగలోకే పంపుతాయి. ఎదురుగా ఖాళీ వ్యాగన్లతో ఎక్కే బండి దాన్ని వాడుకోవచ్చు.