కోర్టు ధిక్కారం – అధికార పరిధి: ఏ మాట ఎక్కడ?

సందేహం: బందరు కాలువ గట్టు మీది ఆక్రమణల గురించి వచ్చిన వార్తలో ‘అధికారి కోర్టు ధిక్కరణకు పాల్పడ్డారు’ అని చదివాను. అదే విషయంపై ఒక కార్యాలయం ఇచ్చిన జవాబులో ‘సదరు స్థలం మా పరిధిలోనిది కాదు’ అని ఉంది. ధిక్కారం అనాలా, ధిక్కరణ అనాలా? స్థలం ఊరి నడుమ ఉండగా పరిధిలోనిది కాదనడం దోషం కాదా?
– ఒక పాఠకులు, కృష్ణలంక, విజయవాడ

సమాధానం: రూపం విషయంలో తగవు లేదు. తిరస్కారం, తిరస్కరణ రెండూ ఉన్నట్లే, ‘ధిక్’ అనే అవ్యయానికి ‘కృ’ ధాతువు చేరి ధిక్కారం, ధిక్కరణ రెండూ ఏర్పడ్డాయి. ఏది రాసినా తప్పు పట్టనక్కరలేదు. పట్టించుకోవలసింది అర్థాన్ని. ‘ధిక్’ అంటే ఛీ అని ఈసడించడం కనుక, ధిక్కరించాడు అనగానే ఆ మనిషి తెలిసి, కావాలని ఎదురు తిరిగాడని చెప్పినట్లే. 1971 నాటి కోర్టు ధిక్కార చట్టం కూడా ఉత్తర్వును ఉద్దేశపూర్వకంగా పాటించకపోవడాన్నే సివిల్ ధిక్కారంగా నిర్వచించింది. ఉత్తర్వు చేతికి అందకనో, అందులోని మాట స్పష్టంగా లేకనో పని ఆగిపోతే దానిని ‘అమలు కాలేదు’ అనాలి తప్ప ధిక్కారం అనరాదు. ఆరు నెలల వరకు సాధారణ జైలు, రెండు వేల రూపాయల వరకు జరిమానా, లేదా రెండూ పడగల నేరారోపణ ఇది. కోర్టు తేల్చకముందే ‘ధిక్కరణకు పాల్పడ్డారు’ అని రాస్తే విలేకరే తీర్పు చెప్పినట్లవుతుంది. పైగా ‘పాల్పడు’ అన్న క్రియలోనే సగం నింద ఉంది. ‘ధిక్కార పిటిషన్ దాఖలైంది’ అంటే చాలు.

ఇక పరిధి. ఈ సంస్కృత పదానికి చుట్టూ ఉండేది అని అర్థం. యజ్ఞంలో అగ్నికి చుట్టూ ఉంచే కట్టెలు పరిధులు. సూర్యచంద్రుల చుట్టూ కనబడే వలయమూ పరిధే, దానినే మనవాళ్లు ‘గుడి కట్టింది’ అంటారు. నేటి కార్యాలయ భాషలో ఈ ఒక్క మాట మీదే ఎల్ల, అధీనం, అధికారం మూడింటి బరువూ పడింది. మీరు చూసిన జవాబులోని చిక్కు అదే. కాలువ గట్టు నగరపాలక సంస్థ ఎల్లల లోపలే ఉండవచ్చు, జలవనరుల శాఖ అధీనంలో ఉండవచ్చు, ఆక్రమణదారుకు 1905 నాటి భూ ఆక్రమణల చట్టం కింద నోటీసు ఇచ్చే అధికారం తహసీల్దారు వంటి రెవెన్యూ అధికారిది కావచ్చు. ఈ మూడింటిలో దేనిని కాదంటున్నారో ‘పరిధిలోనిది కాదు’ అన్న వాక్యం చెప్పదు. వ్యాకరణ దోషం లేదు గాని, ఇలాంటి వాక్యం కార్యాలయాలకు మహా అనుకూలం!

‘స్థలం నగర ఎల్లలలోనిదే అయినా గట్టు జలవనరుల శాఖ అధీనంలో ఉన్నందున తొలగింపు అధికారం ఈ కార్యాలయానికి లేదు’ అని రాసి ఉంటే, తర్వాత ఎవరిని అడగాలో మీకు తెలిసేది. కోర్టు ఉత్తర్వు ఆ కార్యాలయం పేరునే ఉన్నప్పుడు ‘మాకు అధికారం లేదు’ అన్న మాట దరఖాస్తుదారుకు కాదు, కోర్టుకు చెప్పుకొని ఉత్తర్వు సవరణ కోరవలసినది.

మీరు మళ్లీ దరఖాస్తు పెట్టేటప్పుడు ‘ఖాళీ స్థలం’ అని రాయకండి. అలాంటి భూమికి రెవెన్యూ వారి మాట ‘పోరంబోకు’. పుఱం అంటే తమిళంలో వెలుపల. శిస్తు లెక్కలకు వెలుపల ఉంచిన భూమికి ఆ భాష నుంచి ఈ పేరు వచ్చింది. మనవాళ్లు దానిని తిట్టుగా మార్చుకున్నా, రెవెన్యూ రికార్డుల్లో అది నేటికీ గౌరవమైన మాటే. రికార్డులో అలాగే నమోదై ఉంటే, సర్వే నంబరు వేసి, పక్కనే ‘కాలువ పోరంబోకు’ అని రాయండి.