మీ మామిడి చెట్టు మీద ఉన్నది చీమ కాదు
మీ మామిడి చెట్టు మీద ఎనిమిది కాళ్ల ఎర్ర చీమ కనిపించిందని, అది నోట మరో చీమను మోస్తున్నట్లుందని, అదేమిటో చెప్పమని అడిగారు. ఆ "ఎర్ర చీమ" నిజానికి గెంతే సాలీడు, అదీ మగది. శాస్త్రీయ నామం మిర్మప్లాటా ప్లాటలియోయిడెస్. మోస్తున్నట్లు కనిపించేవి దాని పొడవాటి దవడలే. ముందరి కాళ్లను మీసాల్లా ఎత్తి ఆడిస్తుంది కనుక కాళ్లు ఆరే అనిపిస్తాయి. తల పక్కలనున్న నల్ల మచ్చలు దొంగ కళ్లు. అసలు పెద్ద కళ్లు రెండూ ముందువైపు ఉంటాయి. ఆడదానికి అంత దవడలు ఉండవు, దాన్ని గుర్తుపట్టడం మరీ కష్టం!

ఆకులు కుట్టి గూడు కట్టే ఎర్ర చీమలున్న చెట్ల మీదే ఇది ఎక్కువగా ఉంటుంది. అయినా వాటితో కలవదు, ఎదురైతే తప్పుకుంటుంది. అనుమానం తీరకపోతే కొమ్మను మెల్లగా తట్టండి. దారం పట్టుకుని వేలాడితే సాలీడే. దయచేసి మందు మాత్రం కొట్టకండి.