ఆన్సాట్జ్ అని రాసే ముందు

చి. అమ్ములుకి,

పెదనాన్న ఆశీస్సులు. నువ్వు వాట్సాప్‌లో పంపిన ఫొటో చూశాను. నీ థీసిస్ రెండో చాప్టర్ మొదటి పేజీ, పక్కన మీ గైడ్ గారు పెన్సిల్‌తో రాసిన మూడు ముక్కలు: ‘జస్టిఫై యువర్ ఆన్సాట్జ్’, అంటే సాధన ఫలానా రూపంలో ఉంటుందని ఎందుకు అనుకున్నావో సమర్థించమని. కింద నీ మెసేజ్: ‘పెదనాన్నా, అసలు ఇది ఊహా, సిద్ధాంతమా, అబద్ధమా? దీన్ని జస్టిఫై చేయడమేంటి?’ ఫోన్లో చెబుదామనుకున్నాను. కానీ నేను మాట్లాడుతుంటే నువ్వు మధ్యలో ‘ఊఁ, ఊఁ’ అంటావు, అర్థమైందో లేదో తెలీదు. అందుకే ఈ ఉత్తరం.

ముందు పలకడం సంగతి తేల్చేద్దాం. మనం ఆన్సాట్జ్ అంటాం. జర్మన్లు ఆన్‌జాట్స్ అంటారు, మధ్యలో జూపార్కులో వచ్చే జ, చివర ట్స్. వాళ్ల బహువచనం ఆన్‌జెట్సె. సెమినార్లో నువ్వు ఎలా పలికినా ఎవరూ పట్టించుకోరు. జర్మన్‌లో నామవాచకాలన్నీ పెద్దక్షరంతో మొదలవుతాయి. ఇంగ్లీషు పేపర్లలో మాత్రం ఇది ఎప్పుడో ఇంటి మాట అయిపోయింది, వాక్యం మధ్యలో చిన్నక్షరమే చాలు. నువ్వు ఒక చోట పెద్దది, ఇంకో చోట చిన్నది రాశావు. సరిచూసుకో.

ఇక అర్థం. ఆనించి పెట్టడం, మొదలుపెట్టడం అనే క్రియ నుంచి వచ్చిన మాట ఇది. జర్మన్ వంటింట్లో పులిసిన పిండి రొట్టెకి ముందుగా కలిపి ఉంచుకునే పులుపు ముద్దని కూడా ఆన్సాట్జ్ అనే అంటారు. ఇది తెలిసిన రోజు నేను మీ పెద్దమ్మతో, ‘నువ్వు రోజూ రాత్రి చేసేది అదే’ అన్నాను. గోరువెచ్చటి పాలల్లో చెంచాడు తోడు వేస్తుంది. వేసేటప్పుడు అది పెరుగు కాదు. పొద్దున మూత తీసి చూడాలి. తోడుకోకపోతే పాలు చల్లారిపోయాయా, తోడులో పసలేదా అని ఆలోచించాలి. మూత తీయకుండానే ‘పెరుగు అయింది’ అని చెప్పే హక్కు మాత్రం లేదు. మీ గైడ్ గారు అడుగుతున్నది ఆ మూత తీసి చూపించమని.

లెక్కల్లో దీని పని ఇది: సాధన ఫలానా రూపంలో ఉంటుందని ముందే రాసుకుంటాం, అందులో కొన్ని ఖాళీలు వదులుతాం, సమీకరణంలో పెట్టి ఆ ఖాళీల విలువలు రాబడతాం. పదో తరగతి బిట్ పేపర్లో ‘ఖాళీలను పూరింపుము’ లాంటిదే. తేడా ఏమిటంటే ఇక్కడ ఖాళీలున్న వాక్యం కూడా మనమే రాసుకోవాలి.

నువ్వు డిగ్రీలోనే ఇది చేశావు. స్థిర గుణకాల అవకలన సమీకరణం (ఒక రాశినీ అది మారే రేట్లనీ కలిపే సమీకరణం) ఇచ్చినప్పుడు ‘వై ఈజ్ ఈక్వల్ టు ఈ పవర్ ఎమ్‌ఎక్స్ అనుకొనుము’ అని మొదలుపెట్టేదానివి కదా, ఆ ‘అనుకొనుము’ ఆన్సాట్జే. ఈ పద్ధతిని ఆయిలర్ 1743లోనే అచ్చువేశాడు. నా ఎమ్మెస్సీ వైవాలో ఎక్స్‌టర్నల్ గారు నన్ను ఇదే అడిగారు: ‘ఈ పవర్ ఎమ్‌ఎక్సే ఎందుకు? లాగ్ ఎక్స్ అనుకోకూడదా?’ నేను ‘బుక్కులో అలాగే ఉంది సార్’ అన్నాను. ఆయన ఏమీ అనలేదు, కళ్లజోడు తీసి తుడుచుకున్నారు. నలభై ఏళ్లు దాటినా ఆ తుడుచుకోవడం నాకు గుర్తుంది. జవాబు రెండు వాక్యాలే. ఈ పవర్ ఎమ్‌ఎక్స్‌ని ఎన్నిసార్లు అవకలనం చేసినా మళ్లీ అదే వస్తుంది, ముందు ఎమ్ ఒక్కటి చేరుతుంది. అందుకని అవకలన సమీకరణం కాస్తా ఎమ్‌లో మామూలు బీజీయ సమీకరణంగా మారిపోతుంది. లాగ్ ఎక్స్‌కి ఆ గుణం లేదు.

కుదరని తోడు సంగతి కూడా చెప్పాలి. ఉద్యోగంలో చేరిన కొత్తలో ఒకసారి ముందు ఇంట్లో చేసి చూసుకోకుండా క్లాసుకి వెళ్లాను. వై రెండో అవకలజానికి వై కలిపితే కాస్ ఎక్స్ రావాలి, ఇదీ లెక్క. కుడి పక్క కాస్ ఉంది కదా అని ధీమాగా ‘ఏ కాస్ ఎక్స్ ప్లస్ బి సైన్ ఎక్స్ అనుకుందాం’ అని రాసి, ఎడమ పక్క పెట్టాను. అంతా కొట్టుకుపోయి సున్నా మిగిలింది. బోర్డు మీద సున్నా ఈజ్ ఈక్వల్ టు కాస్ ఎక్స్! వెనక బెంచీలో నవ్వు మొదలైంది. అసలు అక్కడ సమీకరణం నాకు ఫిజిక్సే చెబుతోంది. ఉయ్యాలని దాని సొంత ఊపుతో సమానంగా నెడుతున్నావు, అది ఒకే ఎత్తులో ఊగుతూ ఎలా ఉంటుంది, పెరుగుతూ పోవాలి కదా అని. అనుకున్న రూపాన్ని ఎక్స్‌తో గుణించి మళ్లీ పెడితే ‘ఏ’ సున్నా, ‘బి’ సగం వచ్చాయి. సాధన: సగం ఎక్స్ సైన్ ఎక్స్. ఆన్సాట్జ్ ఓడిపోయిందంటే కాగితం చింపేయకు. ఎక్కడ ఓడిందో చూడు, చాలాసార్లు అక్కడే దారి ఉంటుంది.

దీనికి తెలుగు మాట ఏమిటని అడిగావు. ఊహారూపం, సాధనా కల్పన అని ఏవేవో అనుకున్నాను, ఏదీ నాలుకకి ఎక్కలేదు. దగ్గర బంధువు మాత్రం మన పాత గణితంలో ఉంది, ఇష్టకర్మ, అంటే ఇష్టమొచ్చిన సంఖ్యతో మొదలుపెట్టి తర్వాత సరిచేసుకోవడం. భాస్కరాచార్యుడి లీలావతిలో తామరపూల లెక్క ఉంది. పూలలో మూడో వంతు శివుడికి, ఐదో వంతు విష్ణువుకి, ఆరో వంతు సూర్యుడికి, నాలుగో వంతు భవానికి ఇచ్చారు, మిగిలిన ఆరు గురువుగారికి. మొత్తం ఎన్ని? ఇష్టమొచ్చిన సంఖ్య, పోనీ 60 అనుకో. 20, 12, 10, 15 పోగా 3 మిగిలాయి. మనకి కావలసింది 6, అంటే రెట్టింపు. కాబట్టి 120. అనుకున్న 60 తప్పే, అయినా అదే సరైన చోటికి తీసుకెళ్లింది. ఇలా జరగడానికి కారణం పూలు రెట్టింపైతే మిగిలేవీ రెట్టింపవడం. ఇక్కడ ఊహించింది ఒక సంఖ్యని, ఆన్సాట్జ్‌లో ఊహించేది ఒక రూపాన్ని. అందుకని రెండూ ఒకటే అని థీసిస్‌లో రాయకు, బంధుత్వం బంధుత్వమే.

ఇప్పుడు నీ చాప్టర్. లోతు తక్కువ నీటిలో అలలకి కోర్టెవెగ్, డి వ్రీస్ 1895లో ఇచ్చిన సమీకరణం తీసుకున్నావు. అల ఆకారం మారకుండా ఒకే వేగంతో కదులుతుందని అనుకుని, స్థలం, కాలం రెండిటి బదులు ‘ఎక్స్ మైనస్ సీటీ’ అనే ఒక్క చలరాశితో సరిపెట్టావు. చక్కటి పని, పాక్షిక అవకలన సమీకరణం మామూలుదైపోయింది, ఒంటరి గుబ్బలాంటి అల వచ్చింది. ఈ ఆన్సాట్జ్‌కి కారణం అడిగితే నీ దగ్గర మంచి జవాబే ఉంది. 1834లో స్కాట్ రస్సెల్ అనే ఇంజినీరు ఎడిన్‌బరో దగ్గర కాలువలో అలాంటి అలని చూసి, గుర్రం మీద మైలు పైగా దాని వెంట వెళ్లాడు. సుమారు ముప్పై అడుగుల పొడవు, అడుగు నుంచి అడుగున్నర ఎత్తు, ఆకారం చెదరకుండా పోతూనే ఉందని రాశాడు. అలాంటి అలలు నిజంగా ఉన్నాయని తెలుసు కాబట్టే ఆ రూపం అనుకున్నాం. ఈ మాట నీ చాప్టర్లో ఎక్కడా లేదు!

అంతకంటే పెద్ద లోటు ఇంకోటి. నీ ఆన్సాట్జ్ వేటిని బయట పెట్టేసిందో రాయలేదు. ఎత్తైన అల వేగంగా పోతుందని నువ్వే రాబట్టావు. మరి వెనక ఎత్తైనది, ముందు పొట్టిది ఉంటే? వెనకది ముందుదాన్ని అందుకుంటుంది. రెండిటికీ వేర్వేరు వేగాలు, నీ రూపంలో ఉన్నది ఒకే సీ, అంటే ఒకే వేగం. కాబట్టి ఈ ఢీ నీ లెక్కలో ఎప్పటికీ కనబడదు. అది ప్రకృతిలో లేక కాదు, నువ్వు తలుపు వేసేశావు కాబట్టి. 1965లో జాబుస్కీ, క్రుస్కల్ ఇదే సమీకరణాన్ని కంప్యూటర్‌లో నడిపితే అలలు ఒకదాన్నొకటి దాటుకుని మళ్లీ పాత ఆకారంతోనే బయటికొచ్చాయి. ఇలాంటి అలలకి సోలిటాన్ అనే పేరు అప్పుడు పెట్టిందే. 1971లో హిరోటా ఇంకో రూపం అనుకుని, ఆ ఢీలకి కచ్చితమైన సాధన రాశాడు. అంటే ఆ తలుపు తీయడానికి కూడా కొత్త ఆన్సాట్జే కావలసి వచ్చింది.

తలుపు వేయడం ఒక తప్పైతే, మనకి తెలియకుండా ఏదో ఒకటి లోపలికి రానివ్వడం ఇంకో తప్పు. బోల్ట్జ్‌మన్ 1872లో వాయువు సమతాస్థితి (ఇక మొత్తం మీద మార్పు లేని స్థితి) వైపే పోతుందని చూపించాడు. న్యూటన్ సూత్రాలు కాలాన్ని వెనక్కి తిప్పినా చెల్లుతాయి కదా, మరి ఈ ఒకవైపు ప్రయాణం ఎక్కడినుంచి వచ్చిందని లోష్మిట్ 1876లో అడిగాడు. అది వచ్చింది బోల్ట్జ్‌మన్ అనుకున్న దానిలోంచే. ఢీకొనే ముందు రెండు అణువుల వేగాలకి ఏ సంబంధమూ ఉండదని అనుకున్నాడు, ఢీకొన్న తర్వాత గురించి అలా అనుకోలేదు. ముందు, తర్వాత అనే తేడా అక్కడే లోపలికొచ్చింది. ఈ ఊహకి తర్వాత స్థిరపడిన జర్మన్ పేరు చివర కూడా మన ఆన్సాట్జే ఉంది.

జస్టిఫై చేయడమంటే అన్నిచోట్లా ఒకే పని కాదని కూడా తెలుసుకో. నీ అలకైతే సమీకరణంలో పెట్టి రెండు పక్కలూ సమానమని చూపిస్తే సరిపోతుంది. హీలియం పరమాణువుకి అలా కుదరదు. ఒక్కో ఎలక్ట్రాన్‌కి కేంద్రకం ఆవేశం 2 కాకుండా కొంచెం తక్కువ కనబడుతుందని అనుకుని, ఆ కనబడే ఆవేశాన్ని ఖాళీగా వదిలి, శక్తి కనిష్ఠమయ్యేలా పూరిస్తే 27/16 వస్తుంది. శక్తి మైనస్ 77.5 ఎలక్ట్రాన్ వోల్టులు, ప్రయోగంలో మైనస్ 79. అసలు సాధన కాదు, కానీ ఈ పద్ధతి ఎప్పుడూ అసలు విలువ కంటే కిందికి దిగదన్న హామీ ఉంది. అలాంటి చోట ట్రయల్ ఫంక్షన్ (ప్రయత్నించి చూసే రూపం) అన్నా, ఆన్సాట్జ్ అన్నా చెల్లుతుంది. నీ రూమ్మేట్ క్వాంటమ్ కంప్యూటింగ్‌లో సర్క్యూట్ బొమ్మ గీసి ‘ఇదే నా ఆన్సాట్జ్’ అంటోందన్నావే, ఆమెదీ ఈ కుటుంబమే. సర్క్యూట్‌లో మార్చుకోగల కోణాలే పూరించాల్సిన ఖాళీలు.

ఇంకో చిన్న విషయం. మూడో పేజీలో ‘ఘర్షణ లేదని ఆన్సాట్జ్’ అని రాశావు. అది ఉత్త అంచనా, సమస్యని తేలిక చేసుకోవడం. నాలుగో పేజీలో శక్తి నిత్యత్వాన్ని కూడా అదే మాటతో పిలిచావు, అది సూత్రం. సాధన రూపం గురించి అనుకున్నప్పుడే ఈ మాట వాడు. మొత్తం చాప్టర్లో రెండుసార్లు వస్తే ఎక్కువ.

ఆ పేజీ తిరగరాసేటప్పుడు నేనైతే ఇలా రాస్తాను: ‘రస్సెల్ గమనించినట్టు ఆకారం మారని అలల కోసం వెతుకుతున్నాం కాబట్టి సాధన ఈ రూపంలో ఉంటుందనుకుందాం. వేర్వేరు వేగాల అలలు కలిసే సందర్భాలు దీనిలోకి రావు.’ తర్వాత వచ్చిన సాధనని తిరిగి సమీకరణంలో పెట్టిన లెక్క పూర్తిగా చూపించు. ‘సులభంగా చూపవచ్చు’ అని దాటేయకు, మీ గైడ్ గారి పెన్సిల్ మళ్లీ లేస్తుంది. సంక్రాంతికి వచ్చేటప్పుడు ప్రింట్ తీసుకురా, అరుగు మీద కూర్చుని చూద్దాం.

పెదనాన్న

తా.క.: ఒకే వరుసలో ఉన్న స్పిన్‌ల (చిట్టి అయస్కాంతాల్లాంటివి) సమస్యని హాన్స్ బేథే 1931లో ఒక ఆన్సాట్జ్‌తో కచ్చితంగా సాధించాడు, ఈరోజుకీ అది ఆయన పేరుతోనే నడుస్తోంది. ఆ పేపర్ చివర, ఈ పద్ధతిని తర్వాతి పేపర్‌లో త్రిమితీయ జాలకాలకి, అంటే మూడు దిక్కుల్లోనూ పేర్చిన స్పిన్‌లకి, విస్తరిస్తానని రాశాడు. ఆ పేపర్ రాలేదు. నీ చాప్టర్ చివరి పేజీలో ‘రెండు మితుల్లో ఇదే పద్ధతిని తర్వాతి చాప్టర్‌లో చూస్తాం’ అని ఉంది. అది తీసెయ్.