ప్రభుత్వ శాఖ బిల్లు చెల్లించకపోతే కాంట్రాక్టరు నేరుగా హైకోర్టుకు వెళ్లవచ్చా?

వెళ్లవచ్చు, కానీ బాకీ ఉన్నట్టు శాఖే ఒప్పుకున్న సందర్భాల్లోనే రిట్ (ప్రభుత్వాన్ని ఆదేశించమని హైకోర్టును కోరే పిటిషన్) నిలబడే అవకాశం ఎక్కువ. రాజ్యాంగం 226వ అధికరణం కింద హైకోర్టు సాధారణంగా సాక్షుల్ని విచారించి లెక్కలు తేల్చదు. ఆ పని సివిల్ కోర్టుది, ఒప్పందంలో ఆర్బిట్రేషన్ (మధ్యవర్తి తీర్పు) షరతు ఉంటే ఆర్బిట్రేటరుది.

ఉదాహరణకు, రోడ్డు పని పూర్తయి, పని కొలతల పుస్తకమైన ఎం-బుక్‌లో కొలతలు ఎక్కి, బిల్లు పాసయ్యాక నిధుల్లేవని ఆపేస్తే రిట్ వేయవచ్చు. నాణ్యత మీదో, అదనపు పని మీదో తగాదా ఉంటే మాత్రం దావాయే దారి. దానికి ముందు మామూలుగా సీపీసీ (సివిల్ ప్రొసీజర్ కోడ్) 80వ సెక్షన్ కింద 2 నెలల నోటీసు ఇవ్వాలి.

శాఖకు అర్జీలు పెడుతూ ఉంటే దావా వేసే గడువు పెరుగుతుందని చాలామంది నమ్ముతారు. పెరగదు. కష్టపడి చేసిన పనికి డబ్బు పోగొట్టుకునేది ఇక్కడే. సాధారణంగా 3 ఏళ్లలో దావా వేయాలి. ఆలోపు శాఖ బాకీని రాతపూర్వకంగా ఒప్పుకుంటే ఆ తేదీ నుంచి గడువు మళ్లీ మొదలవుతుంది.