చెరోకీ నేర్చుకుంటానంటే భయమెందుకు?

ప్రశ్న: మేము ఓక్లహోమాలోని టల్సాలో ఉంటాం. మా అమ్మాయి ట్వెల్త్ గ్రేడ్, లెక్కల్లో చురుకే. నటుడు వెస్ స్టూడీ గురించి తెలిసినప్పటి నుంచి లింగ్విస్టిక్స్ (భాషాశాస్త్రం) చదువుతా, ఇక్కడి మూలవాసి తెగ భాష చెరోకీ నేర్చుకుని సినిమాల్లో భాషా సలహాదారునవుతా అంటోంది. ఇంట్లో తెలుగే మాట్లాడదు, చెరోకీ ఎందుకు? డేటా సైన్స్‌తో పోల్చి చెప్పండి.
- ఒక తండ్రి

సమాధానం: ఇలాంటి ఉత్తరాలు నాకు తరచూ వస్తాయండీ. కోర్సు పేరు మారుతుంది, లోపలి బాధ ఒకటే: ఇంత దూరం వచ్చి ఇంత కష్టపడింది ఇందుకా అని. అర్థం చేసుకోగలను.

మీ పాప మంచి మనిషినే చూసింది. వెస్ స్టూడీ 1947లో ఓక్లహోమాలోని నోఫైర్ హాలోలో పుట్టారు. బడిలో వేసేదాకా ఆయనకు వచ్చింది చెరోకీ ఒక్కటే. వియత్నాం యుద్ధం నుంచి వచ్చాక ఆ భాష నేర్పారు, చెరోకీ పత్రికలో పనిచేశారు, పిల్లల పుస్తకాలు రాశారు. సినిమాల్లో పేరొచ్చేసరికి నలభై దాటాయి. 2018 ఆస్కార్ వేదిక మీద చెరోకీలో మాట్లాడారు. మరుసటి ఏడు గౌరవ ఆస్కార్ అందుకున్నారు. అమెరికా మూలవాసి నటుల్లో ఆస్కార్ దక్కిన మొదటివారు ఆయనే.

డేటా సైన్స్ మీద నాకు అనుమానాలున్నాయి. అందరిదీ అదే కోర్సు, అవే ప్రాజెక్టులు. కొత్తగా చేరినవాళ్లకిచ్చే చిన్న పనులు ఇప్పుడు ఏఐ చేసిపెడుతోంది. ఇష్టం లేకుండా చేరిన పిల్లలు రెండేళ్లకే నీరుగారిపోవడం చూశాను. భాషల పనీ ఏఐ చేస్తుందిగా అంటారేమో. చెరోకీ మాతృభాషగా మాట్లాడేవాళ్లు రెండు వేల మంది లోపే, ఎక్కువమంది పెద్దవాళ్లు. వాళ్ల పక్కన కూర్చుని, అనుమతి అడిగి, విని రాసుకునే మనిషి కావాలి.

పాపకూ ఒక మాట. సినిమాలో చెరోకీ భాషా సలహాదారు పని మొదట చెరోకీలకే దక్కాలి. తమ కథ తామే చెప్పుకోవాలని మూలవాసి కళాకారులు అడుగుతున్నది అందుకే. రికార్డింగులు, నిఘంటువులు, సబ్‌టైటిళ్లలో వాళ్లతో కలిసి పనిచేయొచ్చు. లింగ్విస్టిక్స్ తర్వాత మాస్టర్స్ చేసి స్పీచ్ థెరపీకీ వెళ్లొచ్చు. జీతం డేటా సైన్స్ కంటే తక్కువతో మొదలవుతుంది, అది నిజం.

కోపం తెచ్చుకోకండి, తెలుగు రాకపోవడం పాప తప్పా? అమెరికా బోర్డింగ్ స్కూళ్లు మూలవాసి పిల్లల నోట సొంత భాషను బలవంతంగా మాన్పించాయి. మన ఇళ్లలో ఎవరు బలవంతపెట్టారు? స్కూల్లో వెనకబడుతుందని మనమే మానేశాం. ఇప్పుడు ఆ పిల్లనే దెప్పుతున్నారు!

లింగ్విస్టిక్స్ మేజర్, కంప్యూటర్ సైన్స్ మైనర్‌గా అప్లై చేయనివ్వండి. చెరోకీల సొంత ప్రభుత్వం చెరోకీ నేషన్ నడిపే ఆన్‌లైన్ క్లాసుల్లో ఇప్పుడే చేర్చండి. వీలు చూసుకుని వాళ్ల రాజధాని తాలెక్వా తీసుకెళ్లండి, అక్కడి నార్త్‌ఈస్టర్న్ స్టేట్ యూనివర్సిటీలో చెరోకీ చదువు ఎలా ఉంటుందో తనే అడిగి తెలుసుకుంటుంది. కారులో గంటకు పైగా పడుతుంది. ఆ గంటా తెలుగులోనే మాట్లాడండి. తను తప్పు పలికినా నవ్వకండి.