కెమెరా చూడగానే నాన్న బిగుసుకుపోతున్నారు

ప్రశ్న: మా నాన్నగారు దర్జీ. ఆయన పని మీద డాక్యుమెంటరీ తీస్తున్నాను. ఇంటర్వ్యూలు, వ్యాఖ్యానం లేకుండా జరిగేది జరిగినట్టు చూపించాలని ఉంది. కానీ కెమెరా చూడగానే బిగుసుకుపోతారు, లేదా నాకు పని నేర్పిస్తున్నట్టు మాట్లాడతారు. నెలైనా ఒక్క సహజమైన షాట్ దొరకలేదు. దాచిపెట్టి తీయనా? తీయలేకపోయినదాన్ని మళ్లీ చేయించవచ్చా? దీన్నే ఆర్ట్ గ్యాలరీలో కూడా పెట్టవచ్చా?

జవాబు: దాచిపెట్టి మాత్రం తీయకండి. మీరు తీస్తున్నారని ఆయనకు తెలియాలి, వద్దనిపిస్తే ఆపమనే వీలుండాలి. కెమెరా ఉందన్న సంగతి ఎవరూ మర్చిపోరు, కొన్నాళ్లకు అలవాటు పడతారంతే. దానికి నెల చాలదు. దూరం నుంచి జూమ్ చేయకుండా వైడ్ లెన్స్ పెట్టి దగ్గరగా, ఆయన కూర్చున్న ఎత్తులోనే, రోజూ ఒకే చోట కూర్చోండి. కెమెరా ఎక్కడుందో తెలిస్తే మాటిమాటికీ దానివైపు చూడరు.

మళ్లీ చేయించడం అంటారా, ఆ తప్పు నేను చేశాను. గడియారాలు బాగుచేసే ఒక పెద్దాయనను తీస్తున్నాను. నేను బ్యాటరీ మారుస్తుండగా ఆయన చేతిలోంచి ఆవగింజంత స్క్రూ జారిపోయింది. కెమెరా ఆన్ చేసేసరికి ఆయన బల్ల కింద మోకాళ్ల మీద వెతుకుతున్నారు. దొరికాక "ఇంకోసారి జార్చండి" అని అడిగాను. పాపం, జార్చారు. ఎడిటింగ్‌లో చూస్తే, స్క్రూ చేయి వదలకముందే ఆయన కళ్లు నేలవైపు వెళ్లాయి. ఆ షాట్ తీసేశాను. వెతుకుతున్న షాట్ చూస్తేనే ఏం పడిందో అర్థమైపోయింది. అప్పటినుంచి, పని అయిపోయిందనిపించాక కూడా మనసులో పది లెక్కపెట్టి గానీ కెమెరా ఆపను.

1960 ప్రాంతంలో భుజాన మోయగలిగే 16 ఎంఎం ఫిల్మ్ కెమెరాలు, వాటితో కలిసి నడిచే టేప్ రికార్డర్లు వచ్చాకే జరిగేది జరిగినట్టు చూపే ఈ తరహా సినిమాకు ఊపు వచ్చింది. 400 అడుగుల రీలు సుమారు 11 నిమిషాల్లో అయిపోయేది, కాబట్టి బటన్ ఎప్పుడు నొక్కాలో ఆలోచించక తప్పేది కాదు. మన మెమరీ కార్డు గంటలకొద్దీ నడుస్తుంది. అది నడుస్తోంది కదా అని మనం చూడటం మానేస్తాం. ఇంటర్వ్యూలూ వ్యాఖ్యానమూ లేకుండా దశాబ్దాలపాటు సినిమాలు తీసిన ఫ్రెడరిక్ వైజ్‌మన్ షూటింగ్‌లో మైకు పట్టుకునేవారు, కెమెరా ఇంకొకరి చేతిలో ఉండేది. నాకు ఎంతో ఇష్టమైన సంగతి ఇది. మీరూ ఒక రోజంతా కెమెరా పక్కనపెట్టి మిషన్ చప్పుడు, కత్తెర చప్పుడు, ఏ పనీ జరగనప్పటి గది శబ్దం రికార్డ్ చేయండి. మిషన్ ఎప్పుడు ఆగబోతోందో మీ చెవికే ముందు తెలుస్తుంది.

గ్యాలరీలో పెట్టవచ్చు, కానీ సినిమాను ఉన్నదున్నట్టు పెట్టకండి. అక్కడ మనిషి మధ్యలో వచ్చి మధ్యలో వెళ్లిపోతాడు. ముందు ఏం జరిగిందో తెలియకపోయినా నిలబడే షాట్లే పనికొస్తాయి. గడియారాల ఫుటేజ్‌ను నేను రెండు తెరల మీద వేశాను, ఒకదానిపై చేతులు, ఒకదానిపై ముఖం.

ఇక, ఈ నెలంతా తీసింది పారేయకండి. ఆయన నటించడం లేదు, తన బిడ్డకు పని నేర్పిస్తున్నారు. చెబుతూ చెబుతూ సూదిలో దారం ఎక్కించడానికి మాట ఆపేసిన చోట్లు ఉండే ఉంటాయి. ముందు అవి వెతకండి.